పక్కపక్కనే ఊడుస్తున్నాం, జీతం మాత్రం మూడో వంతు: ఏం చేయాలి?

ప్రశ్న: నేను ఒక మున్సిపాలిటీలో 12 ఏళ్లుగా రోడ్లు ఊడ్చే పని చేస్తున్నాను. తెల్లవారుజామున అయిదింటికల్లా పాయింట్ దగ్గర ఉండాలి. నాతోపాటు అదే బీటులో ఒక పర్మినెంట్ అన్న పనిచేస్తాడు. ఇద్దరికీ ఒకటే మస్టర్ (హాజరు పట్టీ), ఒకడే మేస్త్రీ. ఆయన జీతంలో నాకు వచ్చేది మూడో వంతు. మొన్న పదిమందిమి వెళ్లి అడిగితే కమిషనర్ గారు "మీరు ఏజెన్సీ మనుషులు, మాకు సంబంధం లేదు, బడ్జెట్ కూడా లేదు" అన్నారు. కేసు వేద్దామంటే ఉన్న పని తీసేస్తారని మా ఆయన భయపడుతున్నారు. ఆ పర్మినెంట్ అన్న వచ్చే ఏడాది రిటైర్ అవుతాడు. "నా జీతం లెక్క బయటపెట్టి నన్ను ఇరికించొద్దు" అంటున్నాడు. మాకు సమాన వేతనం అడిగే హక్కు ఉందా? ఎక్కడ మొదలుపెట్టాలి?

సమాధానం:

అమ్మా,

"ఇద్దరికీ ఒకటే మస్టర్" అని రాశారు. ఆ మాట దగ్గర ఆగిపోయి ఉత్తరం మళ్లీ మొదటి నుంచి చదివాను. చాలా ఏళ్లు మున్సిపల్ కార్మికుల సంఘంతో తిరిగినవాడిగా చెబుతున్నాను, మీ కేసు నిలబడినా పడిపోయినా ఆ మస్టర్ దగ్గరే. అందుకే హక్కు ఉందా లేదా అన్నది చెప్పి ఊరుకోకుండా, దాన్ని ఎలా నిరూపించాలో ఎక్కువ రాస్తాను.

ముందు ఒక చిక్కు విప్పుకోవాలి. మీవాళ్లు పదిమంది కలిసి వెళ్లినప్పుడు ఏం అడిగారో మీరు రాయలేదు. ఇలాంటి సమయాల్లో అందరూ ఒకేసారి "పర్మినెంట్ చేయండి, సమానంగా జీతం ఇవ్వండి, పాత బకాయిలు ఇవ్వండి" అనేస్తారు. న్యాయానికి మూడూ ఒకటే అనిపిస్తాయి గానీ కోర్టుకు మూడూ వేర్వేరు. పర్మినెంట్ అనగానే అధికారులు 2006 నాటి ఉమాదేవి తీర్పు తీస్తారు. పద్ధతి ప్రకారం నియామకం జరగనివాళ్లకు ఏళ్ల తరబడి పనిచేసినంత మాత్రాన పర్మినెంట్ హక్కు రాదని సుప్రీంకోర్టు అందులో చెప్పింది. ఆ తీర్పు చూపించి జీతం సంగతి కూడా కొట్టిపారేయాలని చూస్తారు. మీరు ఒప్పుకోకండి. పర్మినెంట్ కాకుండానే సమాన వేతనం అడగవచ్చు. 2016 అక్టోబర్‌లో పంజాబ్ ప్రభుత్వానికీ జగ్‌జీత్ సింగ్‌కీ మధ్య నడిచిన కేసులో సుప్రీంకోర్టు ఈ మాటే చెప్పింది. రోజుకూలీలైనా, తాత్కాలిక ఉద్యోగులైనా, కాంట్రాక్టువాళ్లైనా, రెగ్యులర్ ఉద్యోగి చేసే పనే చేస్తుంటే ఆ పోస్టు స్కేలులో కనీస జీతం ఇవ్వాలంది. గమనించండి, స్కేలులో కనీసం. మీ అన్నకు ముప్పై ఏళ్ల ఇంక్రిమెంట్లు కలిసి ఉంటాయి, అవి మీకు రావు. అదే పోస్టులో నిన్న చేరిన రెగ్యులర్ కార్మికుడికి మొదటి నెల ఎంత వస్తుందో, మీ పోలిక దానితో. ఇది ముందే తెలిస్తే తర్వాత మనసు కష్టపెట్టుకోవాల్సిన పని ఉండదు.

ఇప్పుడు అసలు కష్టం. "మీరు ఏజెన్సీ మనుషులు" అన్న కమిషనర్ గారి మాటను తేలిగ్గా తీసుకోకండి. జగ్‌జీత్ సింగ్ తీర్పు సూటిగా పనికొచ్చేది ప్రభుత్వమో మున్సిపాలిటీయో స్వయంగా పెట్టుకున్నవాళ్లకు. మధ్యలో ఏజెన్సీ ఉంటే, మున్సిపాలిటీ మీ యజమాని కాదు కాబట్టి దాని ఉద్యోగితో మీకు పోలికే లేదని వాదిస్తారు. ఆ వాదన చాలాసార్లు నెగ్గింది కూడా. ఈ మాట దాచిపెట్టి మీకు ధైర్యం చెబితే అది మోసం చేసినట్టే అవుతుంది. కాబట్టి సమాన పని అని చూపించేకంటే ముందు మీ నిజమైన యజమాని ఎవరో తేల్చాలి.

ఎలా తేలుస్తారు? కోర్టులు అడిగే ప్రశ్నలు పెద్ద చదువు చదివినవాళ్లవేమీ కావు. మిమ్మల్ని పనిలోకి ఎవరు తీసుకున్నారు? జీతం ఎవరిస్తున్నారు? తప్పు చేస్తే మెమో ఎవరిస్తారు? తీసేయాలంటే ఎవరి మాట చెల్లుతుంది? ఏ వీధికి వెళ్లాలో పొద్దున్నే చెప్పేదెవరు? ఏజెన్సీ మారినప్పుడు మీరు మారారా, లేక అదే పాయింట్‌లో అదే చీపురు పట్టుకుని ఉన్నారా? ఈ 12 ఏళ్లలో ఎన్ని ఏజెన్సీలు మారాయో గుర్తు చేసుకోండి. మూడు మారి, మీరు మాత్రం ఒకే మేస్త్రీ కింద ఒకే బీటులో ఉండిపోయి ఉంటే, ఏజెన్సీ పేరుకే ఉందని చెప్పడానికి అంతకంటే గట్టి సాక్ష్యం అక్కర్లేదు.

ముంబయిలో ఇదే జరిగింది. అక్కడ చెత్త ఎత్తే కార్మికులను నగరపాలక సంస్థ కార్మికులని రాసుకోలేదు, స్వచ్ఛంద సంస్థల ద్వారా వచ్చిన "వాలంటీర్లు" అని రాసుకుంది. కచరా వాహతుక్ శ్రామిక్ సంఘ్ అనే యూనియన్, కార్మిక వివాదాలు విచారించే పారిశ్రామిక ట్రిబ్యునల్‌కు వెళ్లి, ఆ కాంట్రాక్టు ఉత్త నాటకమని నిరూపించింది. 2017లో సుప్రీంకోర్టు దాన్ని నిలబెట్టింది. దాదాపు 2,700 మందిని పర్మినెంట్‌గా చూడాల్సి వచ్చింది. గెలిచాక కూడా వందల మందికి ఆ ఫలితం వెంటనే అందలేదు. ఎందుకో తెలుసా? జాబితాలో పేరు ఒక రకంగా, గుర్తింపు కార్డులో ఇంకో రకంగా ఉన్నాయని ఆపేశారు. ఈ ఆదివారం మీ పదిమంది ఆధార్ కార్డులు, పీఎఫ్ పాస్‌బుక్‌లు, ఈఎస్‌ఐ కార్డులు పక్కపక్కన పెట్టుకుని చూడండి. ఒకచోట ఇంటిపేరు ముందు, ఒకచోట వెనక, ఒకచోట భర్త పేరు అంటుకుని ఉంటాయి. అవి ఇప్పుడే సరిచేయించుకోండి.

ఇక్కడ చాలామంది చేసే పొరపాటు ఒకటి చెప్పాలి. ఎవరో ఒక లాయరు "హైకోర్టులో రిట్ వేసేద్దాం, త్వరగా అయిపోతుంది" అంటారు. రిట్ అంటే ప్రభుత్వ సంస్థ మీద నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్. మున్సిపాలిటీ మిమ్మల్ని నేరుగా పెట్టుకుని ఉంటే ఆ దారి బాగానే ఉండేది. ఏజెన్సీ నిజమా నాటకమా అన్నది సాక్షులను విచారించి, రిజిస్టర్లు తెప్పించి తేల్చాల్సిన విషయం. రిట్‌లో మామూలుగా ఆ విచారణ జరగదు. అది ట్రిబ్యునల్ పని, 2001లో స్టీల్ అథారిటీ కేసులోనూ సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. తొందరపడి రిట్ వేసి, "ఇది ఇక్కడ తేలేది కాదు, అక్కడికి వెళ్లండి" అనిపించుకుని నాలుగైదేళ్లు పోగొట్టుకున్నవాళ్లను నేను చూశాను. మీరు యూనియన్ తరఫున మున్సిపాలిటీకీ ఏజెన్సీకీ ఇద్దరికీ డిమాండ్ నోటీసు పంపండి. దాని కాపీతో లేబర్ ఆఫీసుకు వెళ్లి రాజీ చర్చలు పెట్టమని అడగండి. అక్కడ తేలకపోతే ట్రిబ్యునల్.

2025 నవంబర్ 21 నుంచి పాత కార్మిక చట్టాల స్థానంలో నాలుగు లేబర్ కోడ్‌లు అమల్లోకి వచ్చాయి. మీ 12 ఏళ్లలో ఎక్కువ భాగం పాత చట్టాల కింద గడిచింది. కాంట్రాక్టు లేబర్ చట్టం కింద 1971లో వచ్చిన కేంద్ర నిబంధనల్లోనే, కాంట్రాక్టరు మనిషి అదే పని లేదా అలాంటి పని చేస్తే, ప్రధాన యజమాని (కాంట్రాక్టరు ద్వారా పని చేయించుకునే సంస్థ) తన కార్మికుడికి ఇచ్చే వేతనమే ఇవ్వాలని రాసి ఉంది. ఏ కాలానికి ఏ చట్టం పట్టుకోవాలో కార్మిక కేసులు చూసే లాయరుతోనే రాయించండి. ఫీజు గురించి టెన్షన్ పడకండి. మహిళలకు, ఎస్సీ ఎస్టీలకు, పారిశ్రామిక కార్మికులకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయ సహాయం ఇవ్వాలని 1987 నాటి న్యాయ సేవల చట్టం చెబుతోంది. జిల్లా కోర్టు ఆవరణలో న్యాయ సేవాధికార సంస్థ ఆఫీసు ఉంటుంది. 15100కు ఫోన్ చేసినా చెబుతారు.

ఇక కాగితాల సంగతి. సమాన పని అని నిరూపించాల్సిన భారం అడిగినవాళ్ల మీదే ఉంటుంది. పోస్టు పేరు ఒకటైతే చాలదు. పని, బాధ్యత, పనిగంటలు, అర్హత, అన్నీ చూస్తారు. చాలా ఏళ్ల కిందట మా సంఘం ఒక ఊళ్లో నలభై మంది తరఫున కేసు నడిపింది. పోలికకు మేం ఎంచుకున్న మనిషి ఊడ్చేది నిజమే, కానీ ఆయన చేతిలో హాజరు పుస్తకం కూడా ఉండేది. అవతలి లాయరు లేచి ఒక్కటే అడిగాడు: "మీలో ఎవరైనా హాజరు వేస్తారా?" మావాళ్లు ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు. ఆ ఒక్క ప్రశ్నతో కేసు చేజారింది. ఆ తప్పు మాది. బస్సులో తిరిగి వస్తుంటే ఒకామె "ఆ పక్క బీటు వెంకన్నను పెట్టుంటే బాగుండేది కదా సారూ" అంది. ఆమెకు తెలిసిన సంగతి మేం ముందు అడగలేదు. మీరు మాత్రం పోలికకు ఊడవడం తప్ప ఇంకో బాధ్యత లేని మనిషినే చూసుకోండి.

ఆమే ఇంకొకటి నేర్పింది. పిల్లాడి పాత లెక్కల నోట్‌బుక్ వెనక పేజీల్లో ఆమె రోజూ రాసుకునేది: తేదీ, వీధి పేరు, ఎన్నింటికి మొదలు, ఎన్నింటికి ముగింపు, పక్కన ఎవరు, ఎవరు పని చెప్పారు. పెద్ద చదువు లేదు, అక్షరాలు ఒంకరగా ఉండేవి. కొన్ని పేజీల మీద చెమట పడి ఇంకు అలుక్కుపోయి ఉండేది. ఎప్పటికప్పుడు రాసుకున్నదని చూడగానే తెలుస్తుంది. కేసు కోసం కూర్చుని ఒకేసారి రాసిన పుస్తకానికి ఆ బలం రాదు. మీరు ఈ రాత్రే మొదలుపెట్టండి, మీ పదిమందీ ఎవరి పుస్తకం వాళ్లే రాసుకోండి. శానిటరీ ఇన్‌స్పెక్టర్ వాట్సాప్‌లో పెట్టే డ్యూటీ మెసేజ్‌లు చెరిపేయకండి. ఫోన్ మార్చేముందు వాటిని దాచుకోండి. జాతరకో, వరదకో, మంత్రిగారి పర్యటనకో స్పెషల్ డ్యూటీ వేసిన కాగితంలో పర్మినెంట్, ఏజెన్సీ పేర్లు కలిపి ఉంటే అది బంగారం.

మిగతావి సమాచార హక్కు చట్టం కింద తెప్పించుకోవచ్చు. ఫీజు పది రూపాయలు, గడువు 30 రోజులు. అడగాల్సినవి: పారిశుధ్య విభాగంలో మంజూరైన పోస్టులెన్ని, ఖాళీలెన్ని, ఆ పోస్టుకు స్కేలు ఎంత, ఏజెన్సీతో చేసుకున్న ఒప్పందం నకలు, మనిషికి నెలకు ఏజెన్సీకి ఎంత చెల్లిస్తున్నారు, మీ బీటు మస్టర్ నకలు. ఏజెన్సీకి చెల్లించేదానికీ మీ చేతికొచ్చేదానికీ మధ్య తేడా చూస్తే మీ కళ్లు మీరే నమ్మరు. పీఎఫ్ పాస్‌బుక్ తీసి ప్రతి నెలా జమ పడుతోందో లేదో కూడా చూడండి. ఏజెన్సీ జీతం ఎగ్గొడితే ప్రధాన యజమానిగా మున్సిపాలిటీయే కట్టాలి. "మాకు సంబంధం లేదు" అన్న మాట ఈ విషయంలో అసలు చెల్లదు. సమాన వేతనం కేసు ఏళ్లు పట్టినా, కనీస వేతనం, పీఎఫ్ బకాయిలు ముందుగానే రాబట్టుకోవచ్చు. దానివల్ల పదిమందికీ నమ్మకం కూడా కుదురుతుంది.

మీ ఆయన భయానికి వస్తాను. ఆయన్ని కోప్పడకండి, ఆ భయం ఉత్తది కాదు. ఘజియాబాద్ నగర నిగమ్‌లో తోటమాలులు 1998, 1999 ప్రాంతం నుంచి పనిచేశారు. తక్కువ జీతం మీద, పర్మినెంట్ మీద లేబర్ ఆఫీసుకు వెళ్లారు. ఆ రాజీ చర్చలు నడుస్తుండగానే 2005లో నోటీసు కూడా ఇవ్వకుండా తీసేశారు. మీ కమిషనర్ గారి మాటే ఆ నిగమ్ కూడా చెప్పింది, వాళ్లు కాంట్రాక్టర్ మనుషులని. 2025 జనవరి 31న సుప్రీంకోర్టు ఆ వాదన ఒప్పుకోలేదు. కాంట్రాక్టర్ ఉన్నట్టు రుజువు చూపలేదు, మస్టర్లు పెట్టమంటే పెట్టలేదు, పని అంతా నిగమ్ ఉద్యానవన విభాగం కిందే నడిచింది. వివాదం నడుస్తుండగా తీసేయడం చట్టవిరుద్ధమని చెప్పి, తిరిగి తీసుకోమని, సగం వెనక జీతం ఇవ్వమని ఆదేశించింది. మళ్లీ అదే మస్టర్, చూశారా. వివాదం లేబర్ ఆఫీసులో రిజిస్టరై ఉన్నప్పుడు దానితో ముడిపడిన పని షరతులు మార్చడానికి, అడిగినందుకు తీసేయడానికి వీల్లేదన్న రక్షణ పాత చట్టంలో ఉంది, కొత్త కోడ్‌లోనూ ఉంది. అందుకే నోటితో అడిగి వచ్చిన ఈ పదిమందికి ప్రస్తుతం ఆ రక్షణ లేదు. ఎంత త్వరగా కాగితం మీదకు ఎక్కితే అంత మంచిది.

కానీ ఆ తోటమాలులకు న్యాయం అందడానికి 20 ఏళ్లు పట్టింది. ఈ సంగతీ మీ ఆయనకు చెప్పండి. ఇంట్లో ఇద్దరూ కూర్చుని, ఒకవేళ ఆరు నెలలు జీతం ఆగితే ఎలా అన్నది మాట్లాడుకున్నాకే సంతకం పెట్టండి. ఒక్కరే పెట్టకండి. పదిమందైనా పెట్టాలి, ముప్పైమందైతే ఇంకా మేలు.

బడ్జెట్ లేదన్నమాటకు జవాబు ఉంది. 1980లో రత్లాం మున్సిపాలిటీ కేసులో, మురుగు కాలువలు కట్టడానికి డబ్బు లేదని మున్సిపాలిటీ చెబితే, చట్టం మోపిన బాధ్యతకు డబ్బు లేదనడం సాకు కాదని సుప్రీంకోర్టు చెప్పింది. అది జీతాల కేసు కాదు. జీతాల విషయంలో 1987లో ఆడ్రీ డికోస్టా కేసు ఉంది. ఆడవాళ్లకూ మగవాళ్లకూ సమాన వేతనం ఇవ్వడం యాజమాన్యం ఆర్థిక స్తోమత మీద ఆధారపడదని అందులో చెప్పారు. మీ విభాగంలో పర్మినెంట్లంతా మగవాళ్లు, ఏజెన్సీవాళ్లంతా ఆడవాళ్లు అయితే ఆ సంగతి లాయరుకు తప్పక చెప్పండి, అది ఇంకో బలమైన కోణం. బడ్జెట్ పేరుతో వాయిదా వేస్తే ఏమవుతుందో చూడాలంటే ఇంగ్లండ్‌లో బర్మింగ్‌హామ్ నగర కౌన్సిల్ ఉంది. చెత్త ఎత్తే పనిలాంటి మగవాళ్ల ఉద్యోగాలకు బోనస్‌లిచ్చి, వంట, శుభ్రం, వృద్ధుల సంరక్షణ చేసే ఆడవాళ్లకు ఇవ్వలేదు. ఆడవాళ్లకు కట్టాల్సిన ఆ బకాయిలు పెరిగి పెరిగి, 2023 సెప్టెంబర్‌లో ఆ కౌన్సిల్ అత్యవసరం కాని ఖర్చులన్నీ ఆపేస్తున్నట్టు ప్రకటించేదాకా వెళ్లింది.

మీ ఆలస్యానికి కూడా ఖరీదుంది. నెలనెలా జరిగే నష్టం కాబట్టి ఎప్పుడైనా అడగవచ్చు గానీ, రిట్ వేసినప్పుడు వెనక బకాయిలు మామూలుగా మూడేళ్లకే ఇస్తారు. 12 ఏళ్ల లెక్క మొత్తం వస్తుందని ఎవరైనా ఆశపెడితే నమ్మకండి.

సమ్మె గురించి మీరు అడగలేదు గానీ యూనియన్‌లో ఆ మాట తప్పకుండా వస్తుంది. 14 రోజుల ముందు నోటీసు ఇవ్వకుండా, రాజీ చర్చలు నడుస్తుండగా పని ఆపితే అది చట్టవిరుద్ధం అవుతుంది, ఏజెన్సీకి మీరే సాకు ఇచ్చినట్టవుతుంది. ఆంధ్రప్రదేశ్‌లో 2023 డిసెంబర్ 26న మొదలైన మున్సిపల్ కార్మికుల సమ్మెలో సమాన పనికి సమాన వేతనం ముఖ్యమైన డిమాండు. రెండు వారాలు దాటి నడిచాక కొంత వచ్చింది, సమాన వేతనం రాలేదు. సమ్మె వృథా అని నేను అనను. మీరు పదిమందే ఉన్నప్పుడు మాత్రం దాని జోలికి వెళ్లకండి.

చివరిగా ఆ అన్న సంగతి. ఆయన భయం తీర్చడం తేలికే. ఆయన జీతం చీటీ మీకు అక్కర్లేదు. ఒక మనిషి జీతం అడిగితే వ్యక్తిగత సమాచారమని తిరస్కరించవచ్చు కూడా. మీకు కావాల్సింది ఆ పోస్టు స్కేలు, అది మున్సిపాలిటీ తనంతట తానే బయటపెట్టాల్సిన సమాచారం. ఆయన జీతం తగ్గించి మీకు ఇమ్మని ఎవరూ అడగరని కూడా స్పష్టంగా చెప్పండి. ఆయన దగ్గర మీకు కావాల్సింది ఒక్కటే, ఆ బీటులో ఇద్దరూ ఏం పని చేస్తున్నారో తెలిసిన మనిషిగా నాలుగు మాటలు. ఉద్యోగంలో ఉండగా సంతకం పెట్టమంటే ఇబ్బంది పడతాడు, బలవంతం చేయకండి. రిటైరైన మర్నాడు ఆయనకు ఆ జంకు ఉండదు. ఈలోగా రోజూ పాయింట్ దగ్గర టీ తాగేటప్పుడు మామూలుగానే ఉండండి, ముఖం తిప్పుకోకండి. రిటైర్మెంట్ రోజున మీ పదిమందీ వెళ్లి శాలువా కప్పండి. అడగాల్సింది ఆ తర్వాత వారం అడగండి.